ఉప్పు పలుకు పద్యం: టీకా తాత్పర్య సహితం

ఆ.వె.
వేడి నీటిలోన వేసిన యుప్పెల్ల
కరగి మాయమైనఁ గదపకుండ
దార మొకటి కట్టి దాచిన వారాన
చదరమైన పలుకు చంక నెక్కు

అవతారిక: వేసవి సెలవుల్లో పిల్లల గోల పడలేని ఒక రాజమహేంద్రవరపు ఇల్లాలికి కవి ఉపాయం చెబుతున్నాడు.

ప్రతిపదార్థం: వేడి నీటిలోనన్ = పొయ్యి దించిన గ్లాసెడు నీళ్లలో; వేసిన ఉప్పు ఎల్లన్ = వేసిన కల్లుప్పంతా (పొడి ఉప్పు పనికిరాదు, గడ్డకట్టకుండా అందులో కలిపేవి పలుకు ఎదుగుదలకు అడ్డొస్తాయి); కరగి మాయమైనన్ = ఇక కరగనని మొరాయించేదాకా కరిగితే, ఆపై గుడ్డలో వడగట్టి; కదపకుండన్ = పిల్లలూ, వారిని వారించే పెద్దలూ ముట్టకుండా; దారము ఒకటి కట్టి = అడ్డపుల్లకు నూలుదారం కట్టి వేలాడదీసి; దాచినన్ = పల్చటి గుడ్డ కప్పి నీడపట్టున ఉంచితే (ఎండలో పెడితే తొందరగా ఆరి నలుసులే గుంపుగా పడతాయి); వారానన్ = ఓ వారానికి; చదరమైన పలుకు = ఘనాకారపు స్ఫటికం; చంకన్ ఎక్కున్ = దారాన్ని పట్టుకుని కూర్చుంటుంది.

తాత్పర్యం: నీళ్లు ఆవిరయ్యేకొద్దీ కరిగిన ఉప్పుకు చోటు చాలక, దారం మీద చేరి పలుకు కడుతుందని భావం.

విశేషాలు:

“చదరమైన” అనడం స్వభావోక్తి. సోడియం, క్లోరిన్ అయాన్లు పొడవునా వెడల్పునా ఎత్తునా ఒకటి విడిచి ఒకటి నిలుస్తాయి. ప్రతి అయాను చుట్టూ రెండో రకంవి ఆరుంటాయి. మూలలు నిటారుగా రావడం అందుకే.

“వేడి” అన్నందున, నీళ్లు చల్లారితేనే పలుకు కడుతుందని కొందరి మతం. అది పటికకు, పంచదారకు చెల్లుతుంది, ఉప్పుకు చెల్లదు. 100 గ్రాముల నీళ్లు 20 డిగ్రీల దగ్గర సుమారు 36 గ్రాముల ఉప్పును కరిగించుకుంటే, మరిగేటప్పుడు కరిగించుకునేది 39 గ్రాములే. చల్లారితే దక్కేది ఆ మూడు గ్రాములు! కాబట్టి వేడి త్వరగా కరగడానికే. పలుకు కట్టించేది పొడిగాలి.

శంక: మరి వానాకాలంలోనో?
సమాధానం: గాలిలో తేమ 75 శాతం దాటితే ఉప్పునీళ్లు ఆరకపోగా, ఉప్పే గాలిలోని నీటిని తాగుతుంది. కల్లుప్పులోని మెగ్నీషియం క్లోరైడు అంత తేమ వచ్చేదాకా కూడా ఆగదు. ముసురు రోజుల్లో కోనసీమ ఉప్పుజాడీలు చెమర్చడం ఇందువల్లనే. తీరంలోని ఉప్పుమడుల వాళ్లు ఎండాకాలాన్ని నమ్ముకునేదీ ఇందుకే.

నిదర్శనం: 1930లో స్వాతంత్ర్య యోధుడు బులుసు సాంబమూర్తి ప్రభృతులు కాకినాడ పక్కన చొల్లంగిలో బ్రిటిష్ వారి ఉప్పు చట్టాన్ని ధిక్కరించారు. అదీ వేసవే. చట్టం మనుషుల్ని జైలుకు పంపగలిగింది గానీ, నీరారితే ఉప్పు తేలడాన్ని ఆపలేకపోయింది.

నిర్ణయం: కవి ఋతువు చెప్పకపోవడం దోషం. వ్యాఖ్యాత పూరిస్తున్నాడు: ఈ పద్యం మాఘం మొదలు రోహిణి కార్తె దాకానే ఆచరణీయం. ముసురు పట్టాక గ్లాసు పెట్టినవారు కవిని తిట్టరాదు.