మా రోజుల్ల అడిగేటోడన్న ఉండె

ఇప్పుడు బస్సెక్కితే మనిషి మొఖం మనిషి చూస్తలేడు. సీట్ల కూసునుడే ఆలస్యం, చెవులల్ల వైర్లు, ఫోన్ల తలకాయ. నా కొలువంతా కండక్టర్‌గనే గడిచింది. జనగామ నుంచి హన్మకొండ, మానుకోట, పరకాల మీదుగ భూపాలపల్లి, ఆ పైన మహదేవపూర్ దాక నేను టికెట్ కొట్టని రూటు లేదు. మా రోజుల్ల జనగామ బస్టాండుల ఒక్క పేపరు కొంటే రఘునాథపల్లి దాటకముందే నలుగురి చేతులు తిరిగేది. ఒకడు చదివేటోడు, ఇద్దరు వినేటోళ్లు, నాలుగోడు అడిగేటోడు. నా బాధంతా ఆ నాలుగోని గురించే. ఇప్పుడు ఏ బస్సుల జూసినా ఆయన కనబడ్తలేడు.

పేపర్ల వార్త ఎప్పుడూ ఒక్క తీరుగనే ఉండేది. పోలీసులు అడవిల గాలింపు చేస్తుంటె నక్సలైట్లు ఎదురుపడ్డరు, లొంగిపొమ్మంటె కాల్పులు మొదలువెట్టిండ్రు, ఆత్మరక్షణ కోసం పోలీసులు ఎదురుకాల్పులు జరిపిండ్రు, మిగిలినోళ్లు చీకట్ల తప్పించుకున్నరు, ఒక తపంచ, రెండు కిట్ బ్యాగులు దొరికినయి. ఊరి పేరు, తేదీ తప్ప అందుల ఏం మారకపోయేది. నాలుగోడు గొంతు తగ్గించి, "అందరు తప్పించుకుంటె ఈ ఒక్కడే ఎట్ల దొరికిండు? పోలీసోళ్లల్ల ఒక్కనికన్న గీత పడలేదేంది?" అనేటోడు. ఎనక సీట్ల మఫ్టీల ఎవడన్న ఉన్నడేమోనని అందరం ఒకపారి తిరిగి చూసేటోళ్లం. చూసినంక గూడ ముచ్చట ఆగకపోయేది.

మా రోజులు మంచియని నేనంటలేను. ముసలోళ్లు ఏది చెప్పినా గట్లనే వినబడ్తది గని, నేను చెప్పేది వేరు.

కొత్తగూడ, గూడూరు దిక్కు అడవి రూట్లల్ల నైట్ హాల్ట్ అంటే చాతిల దడే. రాత్రి అన్నలు, అంటే నక్సలైట్లు, వచ్చి పేపరుందా, బీడీలున్నయా అని అడిగేటోళ్లు. తెల్లారి పోలీసోళ్లొచ్చి రాత్రి ఎవరొచ్చిండ్రని అడిగేటోళ్లు. ఒకపారి నన్ను, డ్రైవర్‌ను జీపెక్కించి తీస్కపోయిండ్రు. ఏ ఠాణనో, ఏ ఎస్సైనో ఇప్పుడెందుకు, ఆయన గూడ రిటైరై మనుమలను ఆడిపిస్తుంటడు. ఎందరొచ్చిండ్రు, ఏం తిన్నరు, ఏ దిక్కు పోయిండ్రు, ఇవే మాటలు పొద్దుగూకేదాక. నేల మీద కూసోబెట్టిండ్రు. టికెట్ ట్రే ఒళ్లె పెట్టుకొని కూసున్న. ఒక్క టికెట్ కట్ట మాయమైనా జీతంల కోస్తరు, ఆ భయం వేరే. సాయంత్రం డిపో మేనేజర్ వచ్చి, "మా పిల్లలే సారూ, నాది జిమ్మ" అంటె ఇడిచిపెట్టిండ్రు. అప్పట్ల గా మాట చెల్లింది.

ఇప్పుడు ఉపా, అదే చట్టవిరుద్ధ కార్యకలాపాల నిరోధక చట్టం కింద పేరెక్కితే డిపో మేనేజర్ గాదు, ఎవరొచ్చి జిమ్మ అన్నా కాదు. ఆ చట్టంల 43డి(5) అని ఒకటున్నది. పోలీసోళ్లు రాసుకొచ్చింది పైపైన నిజమే అనిపిస్తే చాలు, జడ్జి బెయిలు ఇయ్యొద్దు. అసలు నిజమా కాదా అనేది విచారణల తేలాలె. ఆ విచారణ ఎప్పుడు మొదలైతదో దేవునికెరుక.

ఘనపూర్ దాటినంక మా రూట్లనే చినపెండ్యాల ఉన్నది, విప్లవ కవి వరవరరావు సారు పుట్టిన ఊరు. 1974ల సికింద్రాబాద్ కుట్ర కేసు అని పెట్టి ఆయనను, చెరబండరాజును, ఇంకొందరు రాసేటోళ్లను ముద్దాయిలను జేసిండ్రు. ఆ కేసు 15 ఏండ్లు నడిచి 1989ల కొట్టేసిండ్రు. ఒక కేసుకు 15 ఏండ్లా అని అప్పుడు బస్సులల్ల నవ్వుకున్నం. 2018ల భీమా కోరెగావ్ కేసని ఈ ఉపా కిందనే మళ్ల తీస్కపోయిండ్రు. 80కి దగ్గరవడ్డ మనిషి. జైల్ల కరోనా అంటుకున్నది. 2022 ఆగస్టుల సుప్రీంకోర్టు ఆయన పానం జూసి బెయిలు ఇచ్చింది, ముంబై దాటొద్దని షరతు గూడ ఉండె. ఇన్నేండ్లైనా విచారణ మొదలు గాలే. ఆయన రాజకీయం నచ్చినోళ్లుంటరు, నచ్చనోళ్లుంటరు. ఆయన కవిత్వం నాకు సగం అర్థంగాదు, అది వేరే సంగతి. నేరం జేస్తె రుజువు జెయ్యాలె, చెయ్యలేకపోతె ఇంటికి పంపాలె. దీనికి పెద్ద చదువు అక్కర లేదు.

ఈ చట్టాలు వచ్చేటప్పుడు ఎవరి పేరు చెప్పి వస్తయో, పట్టుకునేది వాళ్లనే గాదు. 1985ల టెర్రరిస్టులను పట్టుటానికని టాడా తెచ్చినప్పుడు పంజాబ్ అన్నరు. పంజాబ్ ఏడుంది, వరంగల్ ఏడుంది? ఆ ఏడాదే కాకతీయ యూనివర్సిటీల లెక్కలు చెప్పే బాలగోపాల్ సారును టాడా కింద జైల్ల ఏసిండ్రు. దేశం మొత్తంల 76 వేల మంది దాక టాడాల పట్టుకుంటె, శిక్ష పడ్డది నూటికి ఇద్దరికి గూడ కాదు. 1995ల ఆ చట్టం పోయింది. 2002ల అసొంటిదే పోటా వచ్చింది, రెండేండ్లకు అదీ పోయింది. పోయిందని సంబురపడేలోపల, దాంట్ల ఉన్నయన్ని మెల్లగ 1967 నాటి ఉపాల చేరినయి. 2019ల ఇంకొకటి కలిపిండ్రు: ఇగ సంఘమే గాదు, ఒక్క మనిషిని గూడ టెర్రరిస్టు అని సర్కారే రాయొచ్చు, కోర్టు తేల్చే దాక ఆగే పని లేదు.

అడిగేటోడు ఉండె అంటున్న గని, అడిగినోడు సల్లగ బతికిండని అంటలేను. 1985 సెప్టెంబర్ల కాజీపేటల ఎస్సై యాదగిరిరెడ్డిని నక్సలైట్లు సంపిండ్రు. తెల్లారి ఆయన శవయాత్రల నుంచే కొందరు పోయి వరంగల్‌ల డాక్టర్ రామనాథంను ఆయన దవాఖానల్నే కాల్చిండ్రు. పిల్లల డాక్టర్, పౌరహక్కుల సంఘంల పెద్దమనిషి. మా దిక్కు ఎంతమంది తల్లులు పిల్లలను సంకనేసుకొని ఆయన కాడికి బస్సెక్కేటోళ్లో. వాళ్లకు చిల్లర లేకపోతె నేనెప్పుడు లొల్లి పెట్టలే. ఆ కేసుల ఎవ్వరికీ శిక్ష పడలే. 1991 డిసెంబర్ల వకీలు నర్రా ప్రభాకర్‌రెడ్డిని సంపిండ్రు. తర్వాత తర్వాత చంపేటోళ్లకు పేర్లు గూడ మారినయి, గ్రీన్ టైగర్లు, కోబ్రాలు అని. పులులెవరో, వాటిని పెంచేదెవరో బస్సుల అందరికి తెలుసు, కాగితం మీద మాత్రం ఎవరికి తెల్వదు.

అన్నలను అడిగినోడు బతికిండా అంటె, అదీ లేదు. ఇన్‌ఫార్మర్ అని చిట్టి రాసి శవం మీద పెట్టి పోయేటోళ్లు. ఆ చిట్టిల రాసింది నిజమా అని అడిగే కోర్టు అడవిల గూడ లేకుండె. బస్సులు తగలబెట్టినప్పుడు మమ్ముల దింపేటోళ్లు, సంచి తీసుకోమనేటోళ్లు, అదో మర్యాద. 1990 అక్టోబర్ 10న చర్లపల్లి కాడ కాకతీయ ప్యాసింజర్‌కు నిప్పు పెడితే దిగే సందు గూడ దొరకలే, 40 మందికి పైగా కాలిపోయిండ్రు. కూలోళ్లు, నౌకరోళ్లు, ఈ రైలెక్కి రోజు తిరిగేటోళ్లు. 1999 ఏప్రిల్ 13న అసెంబ్లీకి స్పీకర్ జేసిన శ్రీపాదరావును మహదేవపూర్ దిక్కు అడవిల కాల్చి సంపిండ్రు. ఊర్లె అందరికి తెల్సిన మనిషి. ఇది ఏ వర్గ పోరాటమని మా డ్రైవర్ అడిగితే, ఎర్రజెండ గురించి గంటలు గంటలు చెప్పే మా యూనియన్ లీడర్ ఆ పూట నోరు ఇప్పలే.

రెండు దిక్కుల అడిగిన మనిషిని మా కాలంల చూసినం, అదే బాలగోపాల్ సారు. సంచి ఏసుకొని ఎర్రబస్సుల తిరిగేటోడు. ఎన్‌కౌంటర్ అయితే పోలీసులను అడిగిండు, అన్నలు సంపితే వాళ్లను గూడ అడిగిండు. దాని మీదనే పౌరహక్కుల సంఘంల పంచాయితి అయ్యి, 1998ల మానవ హక్కుల వేదిక అని వేరే పెట్టుకున్నరు. 2009 ఫిబ్రవరిల ఉమ్మడి రాష్ట్రం హైకోర్టు అయిదుగురు జడ్జిల బెంచి, ఎన్‌కౌంటర్ల మనిషి సస్తే హత్య కింద కేసు రాయాల్సిందే, ఆత్మరక్షణ అనేది కోర్టుల చెప్పుకోవాలె అన్నది. సుప్రీంకోర్టు దాన్ని ఆపింది. ఆ అక్టోబర్ల సారు గూడ పోయిండు.

జనగామోళ్లకు ఇవన్ని పుస్తకం చదివితే తెల్సినయి గావు. దేవరుప్పుల దిక్కు పోతె కడవెండి. 1946 జులై 4న అక్కడ విసునూరు దేశముఖు మనుషులు కాల్చితే దొడ్డి కొమరయ్య నేలకొరిగిండు. 1948 ఆగస్టు 27న భైరాన్‌పల్లిల రజాకార్లు 90 మందికి పైగా సంపిండ్రు. వాళ్లకు చట్టం అక్కర లేకుండె, ఎనక నిజాం సర్కారున్నది, అది చాలు. మా నాయిన చెప్పేటోడు, పట్టాలం వచ్చి రజాకార్ల పీడ పోయిందనుకుంటె, అదే పట్టాలం ఎర్రజెండా పట్టినోళ్ల కోసం ఊర్లు జల్లెడ పట్టుడు వెట్టిందని.

కడవెండి కథ అక్కడితోని అయిపోలే. 1999 డిసెంబర్ 2న కొయ్యూరు అడవిల, ఇప్పుడది భూపాలపల్లి జిల్ల, పీపుల్స్‌వార్ పెద్ద నాయకులు ముగ్గురు ఎదురుకాల్పులల్ల పోయిండ్రన్నరు. నల్లా ఆదిరెడ్డి, శీలం నరేష్, ఎర్రంరెడ్డి సంతోష్‌రెడ్డి. సంతోష్‌రెడ్డిది కడవెండి. బెంగళూరుల పట్టుకొని ఇక్కడికి తెచ్చి కాల్చిండ్రని హక్కుల సంఘాలోళ్లు అన్నరు. అప్పుడు వారం దినాలు బస్సుల బెంగళూరు ముచ్చటే. అంత దూరపోళ్లు కొయ్యూరుకు ఎట్లొచ్చిండ్రు, ఏ బండిల వచ్చిండ్రు, తొవ్వల టోలు చీటి ఎవడన్న చూసిండా అని. 2025 మార్చి 31న ఛత్తీస్‌గఢ్‌ల ఎన్‌కౌంటర్ల గుముడవెల్లి రేణుక పోయింది. మిడ్కో అనే పేరుతోని కథలు రాసిన ఆమె. ఆమెది గూడ కడవెండే. టీవీల కింద అక్షరాలు ఉరుకుతుంటె నేను అట్లనే నిలవడి చూస్తున్న. నా మనుమడు వచ్చి, "తాతా, ఈ ఇయర్ టోటల్ ఎంతైంది?" అన్నడు. క్రికెట్ స్కోరు అడిగినట్టు. వాని తప్పు గాదు, టీవీల కూడా అట్లనే చూపెడుతుండ్రు, మూలకు ఒక అంకె, రోజుకు కొంత పెరిగే అంకె.

ఆలేరు సంగతి గూడ గట్లనే అయింది. 2015 ఏప్రిల్ 7న వరంగల్ జైలు నుంచి అయిదుగురు ఖైదీలను హైదరాబాద్ కోర్టుకు తీస్కపోతున్నరు. మా జనగామ దాటినంక, ఆలేరు ఇవతల, పోలీసులు వాళ్లను వ్యాన్లనే కాల్చిండ్రు. అందుల వికారుద్దీన్ అనేటోని మీద పోలీసులను సంపిన కేసులుండె. ఉండనీ. కోర్టుకు పోయే తొవ్వ అది. తుపాకి గుంజుకోబోయిండ్రు అన్నరు. పేపర్ల ఫోటోలల్ల సీట్ల మీదనే ఒరిగిన శవాలు, చేతులకు బేడీలు. నేను ఆ రోడ్డు మీద తిరిగినోన్ని, బండి కుదుపుకు కడ్డీ పట్టుకోకుంట నిలవడలేని రోడ్డది. చేతికి బేడీలున్నోడు తుపాకి ఎట్ల గుంజుకుంటడని మా పాత దోస్తులను అడిగిన. "వాళ్లు ఎసొంటోళ్లో తెలుసా నీకు?" అన్నరు. నేనడిగింది వాళ్లెసొంటోళ్లని గాదు.

ఈ జవాబు మానుకోటల విన్న, పరకాలల విన్న. 2008ల వరంగల్‌ల యాసిడ్ కేసు పోరగాండ్లు ముగ్గురిని కాల్చినప్పుడు పోలీసులకు దండలేసిండ్రు. 2019ల చటాన్‌పల్లి కాడ అత్యాచారం కేసుల పట్టుకున్న నలుగురిని కాల్చినప్పుడు పూలు చల్లిండ్రు. సుప్రీంకోర్టు ఏసిన సిర్పుర్కర్ కమిషన్ 2022ల అది కావాలని సంపిందే అని చెప్తె, పూలు చల్లినోళ్లల్ల ఒక్కడన్న ఆ రిపోర్టు చదివిండా? మా కాలంల ఎన్‌కౌంటర్ అంటె జనం భయపడేటోళ్లు, కొందరు తిట్టేటోళ్లు. చప్పట్లు కొట్టుడు మాత్రం మేం నేర్వలే.

ఇగ తాడ్వాయి. మేడారం జాతర డ్యూటీ చేసిన కండక్టర్లకు తాడ్వాయి ఎరుకే. భూపాలపల్లి జిల్లలనే ఉండె, 2019ల ములుగు జిల్లల కలిసింది. 2022 ఆగస్టుల అక్కడి ఠాణల 152 మంది మీద ఉపా కేసు రాసిండ్రు. అందుల ప్రొఫెసర్ హరగోపాల్ సారు పేరున్నది. తన మీద కేసున్నదని ఆయనకే పది నెలలు తెల్వది. బాంబే హైకోర్టు జడ్జి చేసి రిటైరైన సురేష్ సారు పేరు గూడ ఉన్నది, ఆయన 2020లనే కాలం చేసిండు. అడవిల దొరికిన కాగితాలల్ల పేర్లున్నయట. 2023 జూన్‌ల లొల్లి అయినంక అప్పటి ముఖ్యమంత్రి చెప్తె హరగోపాల్ సారుతోని కలిపి ఆరుగురి పేర్లు తీసేస్తమన్నరు. కండక్టరోనికి తీసివేతలు తొందరగ వస్తయి: 152ల ఆరు పోతె 146. అంతకు ముందు 2021ల 16 సంఘాలను నిషేధించి, కొన్ని నెలలకే వాపస్ తీసుకున్నరు. తప్పు లేకుంటె పెట్టుడెందుకు, తప్పుంటె తీసుడెందుకు?

ఇదే ముచ్చట మా రిటైరైనోళ్ల మీటింగుల పెట్టిన. పెన్షన్ తీర్మానంతోని పాటు ఒక్క లైను, ఆ 146 మంది సంగతి తేల్చుండ్రి అని రాద్దామన్న. ఒకాయన కొడుకు పాస్‌పోర్టుకు అప్లై చేసిండట. ఇంకొకాయన అల్లుడు కానిస్టేబుల్. సెక్రటరీ, "అన్నా, నీకెందుకే ఈ వయసుల, మన పేర్లు గూడ రాసుకుంటరు" అన్నడు. పీఎఫ్ ఆఫీసోళ్లు ఇచ్చే పింఛన్ మందులకు గూడ సరిపోతలేదు, పెంచాలె అని ఒక్కటే తీర్మానం రాసిండ్రు. దాని మీద మాత్రం అందరు సంతకం పెట్టిండ్రు, నేను గూడ పెట్టిన.