ఎనిమిదో మజిలీ

ఆర్టీసీ క్రాస్ రోడ్స్ మెట్రో స్టేషన్ మెట్లు దిగుతుండగానే ఫోన్ మాట్లాడటం మొదలుపెట్టింది. "తెలుగు సినిమా అభిమానుల రాజధానికి స్వాగతం" అంది. ఇయర్‌ఫోన్ ఒకటి నా చెవిలో, రెండోది తాత చెవిలో. మధ్యలో తీగ లాగకుండా ఇద్దరం భుజాలు ఆనించుకుని నడవాల్సి వచ్చింది.

హవేలిఘనపూర్‌లో తాతది మా ఎదురిల్లు. హైదరాబాద్‌లో ఆయన కంటికి ఆపరేషన్ అయింది, చూపించుకోవడానికి మళ్లీ రమ్మన్నారు. మా బడికి సెలవులని నేను తోడు వచ్చాను. పొద్దున్నే మెదక్‌లో బస్సెక్కి, నర్సాపూర్ అడవి దాటి జూబ్లీ బస్‌స్టేషన్ (జేబీఎస్)లో దిగాం. డాక్టర్ పరీక్ష తొందరగానే అయిపోయింది. బయటికి రాగానే తాత, "బిడ్డా, గీ కొత్త కన్నుతోని ఒక్కపాలి చౌరస్తా సూసి పోదామా" అన్నాడు. జేబీఎస్ నుంచి మెట్రోలో ఆర్టీసీ చౌరస్తా ఎంతో దూరం లేదు. అక్కడి సినిమా హాళ్ల చుట్టూ తిప్పి చూపించే యాప్ ఒకటి ఉందని నాకు తెలుసు, రైల్లోనే ఫోన్‌లో వేసుకున్నాను.

మ్యాప్ మీద ఎనిమిది మజిలీలు. ఆ చోటికి చేరగానే గొంతు దానంతటదే మొదలవుతుంది. చెప్పడం పూర్తయ్యాక తెర మీద ఒక ప్రశ్న వస్తుంది: "ఈ సమాచారం సరైనదేనా?" దాని కింద రెండు మీటలు, అవును, కాదు. టోక్యోలో అకిహబారా వీధులనీ, లివర్‌పూల్‌లో బీటిల్స్ తిరిగిన చోట్లనీ జనం చూడటానికి వెళ్తారు. మన సినిమా వీధికి ఆ గౌరవం ఎందుకు ఉండకూడదు? ఇంకెక్కడా లేనంత పిచ్చి ప్రేమ ఈ నాలుగు రోడ్ల మీద పొంగింది. సంధ్య, సుదర్శన్, దేవి, సప్తగిరి, మయూరి అన్నీ నడిచి వెళ్లేంత దగ్గర్లోనే ఉండేవి. తెల్లవారుజామున వేసే ఆటకి రాత్రే వచ్చి గేటు ముందు కూర్చునేవాళ్లు, ఆట వదిలాక బావర్చి ముందు బిర్యానీకి నిలబడేవాళ్లు, సినిమా బాగుందో లేదో ఊరంతటికీ మొదట చెప్పేవాళ్లు. ఇవన్నీ చరిత్రే. ఎవరో ఒకరు పూనుకుని రికార్డు చేశారంటే నాకు మనస్ఫూర్తిగా సంతోషమేసింది.

తాత మాత్రం హాళ్ల వైపు చూడలేదు. తలెత్తి పైకి చూస్తున్నాడు.

పైన మెట్రో మార్గం, దాని మీదుగా ఇందిరా పార్కు నుంచి వీఎస్టీ దాకా వేసిన ఉక్కు వంతెన. మెట్రో 2020 ఫిబ్రవరిలో, వంతెన 2023 ఆగస్టులో మొదలయ్యాయి. "మొత్తం మూసేసిన్రు గదా" అన్నాడు తాత. "మా బొమ్మలన్నీ గాడనే నిలవడుతుండె."

తాత డెబ్బైల్లో ఊరు వదిలి నగరానికొచ్చి, సినిమా బ్యానర్లు గీసే ఖార్ఖానాలో చేరాడు. మొదట కుంచెలు కడగడం, రంగు కలపడం. తర్వాత వెనకాల ఆకాశమూ చెట్లూ వేయడం, ఆ తర్వాత బట్టలు, చేతులు. చాలా ఏళ్లకు గానీ ముఖం ముట్టనివ్వలేదట. ముఖం వేసేవాడే ఖార్ఖానాకు పెద్ద. మద్రాసు నుంచి వచ్చిన పోస్టరు మీద పెన్సిల్‌తో గళ్లు కొట్టి, గుడ్డ మీద అన్నే గళ్లు పెద్దవిగా కొట్టి, గడి వెంట గడి బొగ్గుతో గీత దించేవారు. జానెడు ముఖం ఇంటి గోడంత అయ్యేది. దగ్గర నిలబడి గీస్తుంటే అది ముక్కో, చెంపో కూడా తెలియదు. ఆ కొలత కంట్లో ఉండాలి. అప్పుడప్పుడు రోడ్డు అవతలికి పరుగెత్తి, అక్కణ్ణుంచి చూసి, మళ్లీ వచ్చి సరిచేసేవాడట.

రెండో మజిలీ దగ్గర యాప్, అరవై అడుగుల కటౌట్లను గుడ్డ మీద ఒకే ముక్కగా గీసేవారని చెప్పింది. తాత టక్కున ఆగిపోయాడు.

"తప్పు. గుడ్డ మీద గీసేది బ్యానర్. కటౌట్ చెక్క మీద. ప్లైవుడ్ ముక్కలు కోసి, ఒక్కో ముక్క మీద ఒక్కో భాగం ఏసి, గీడికి తెచ్చి సరుగుడు కట్టెలకు బిగిచ్చెటోళ్లం. గుడ్డయితే గాలికి నిలుస్తదా? కాదు అని కొట్టు బిడ్డా."

కొట్టాను. ఏం తప్పో రాయమంది, ఆయన చెప్పింది చెప్పినట్టు రాశాను. పంపేదాకా పక్కనే నిలబడ్డాడు.

తర్వాతి మజిలీలో ఇంకో తప్పు పట్టాడు. పోస్టర్‌లో ఉన్న రంగులనే బ్యానర్ మీద దించేవారని ఆ గొంతు అంది. తాత ఒప్పుకోలేదు. పోస్టరు పగలు గోడ మీద చూసేది. బ్యానర్‌కి రాత్రి లైట్లు వేస్తారు. ఆ లైటు కింద మామూలు ఒంటి రంగు పాలిపోయినట్టుంటుంది. అందుకే చెంపకి గులాబీ, దవడ కింద నీలం, ముక్కు పక్కన ఒక్క గీత ఆకుపచ్చ. "అద్దుమ రాత్రి బస్సుల కెల్లి సూసెటోనికి గూడ హీరో నిండుగ కనవడాలె" అన్నాడు. అదీ రాసి పంపాను. ఒక పెద్దమనిషి తన పనిని అంత నిక్కచ్చిగా కాపాడుకోవడం చూస్తుంటే, ఇన్నేళ్లు ఎదురింట్లో ఉండి ఈయన్ని ఇదేమీ అడగలేదేమని నాకు అనిపించింది.

సుదర్శన్ దగ్గర, ఒకప్పుడు ఓడియన్ హాలు ఉన్న చోట ఎక్కువసేపు ఆగలేదు. సుదర్శన్ 70 ఎంఎం లేదు, పాత ఓడియన్ లేదు. లేనివాటి గురించి యాప్ బాగానే చెప్పింది, తాత తలూపాడు.

సంధ్య ముందు మాత్రం ఆగాడు. ఆ గొంతు అభిమానం గురించి, పూల గురించి, పాలాభిషేకాల గురించి చెప్పుకుంటూ పోయింది. అంతా విన్నాక తాత అడిగాడు, "ఆ తల్లి సంగతి చెప్పదా?" 2024 డిసెంబర్ 4 రాత్రి 'పుష్ప 2' ప్రీమియర్ ఆట దగ్గర తొక్కిసలాటలో ఒక మహిళ చనిపోయింది, ఆమె కొడుకు చావు అంచుల దాకా వెళ్లాడు. చెప్పలేదు తాతా అన్నాను. ఈ వీధి చరిత్ర అంటే అదీ కలిస్తేనే చరిత్ర. ప్రశ్న తెర మీదికి రాగానే తాత నా వైపు చూశాడు. 'కాదు' నొక్కి, తేదీతో సహా రాశాను.

మధ్యలో ఒక చోట చాయ్ తాగాం. అప్పుడు పోస్టర్ల సంగతి వచ్చింది. ఈశ్వర్ గారి పోస్టరు వచ్చిందంటే ఖార్ఖానాలో పండుగేనట. బాపు 'సాక్షి'తో 1967లో మొదలుపెట్టి వేల సినిమాలకు పోస్టర్లు గీసిన ఈశ్వర్ 2021లో కన్నుమూశారు. తన వృత్తి గురించి 'సినిమా పోస్టర్' అని పుస్తకం కూడా రాశారు. ఆయన పోస్టరు మూలన సంతకం ఉండేది.

"గా సంతకం గూడ గళ్లు కొట్టి పెద్దగ దించుతుంటి" అన్నాడు తాత. "ఎంత సక్కగుంటుండె."

"మరి నీ పేరు ఎక్కడ రాసేవాడివి తాతా?"

ఆయనకి ప్రశ్న అర్థం కాలేదు. మళ్లీ అడిగాను.

"నా పేరెందుకు రాస్తరు? కింద ఖార్ఖానా పేరు పడుతుండె. అక్షరాలు రాసెటోడు వేరే ఉంటుండె."

చాయ్ గ్లాసు పట్టుకున్న ఆ వేళ్లని చూశాను. టర్పెంటైన్‌లో ఏళ్ల తరబడి నాని నున్నగా అరిగిపోయిన వేళ్లు. పింఛన్ ఇచ్చేచోట ప్రతి నెలా అదే తంతుగా ఉండేది. బొటనవేలు పెట్టేవాడు, మిషన్ తీసుకునేది కాదు. తుడిచి మళ్లీ పెట్టేవాడు, తీసుకునేది కాదు. వేలు మార్చేవాడు. ఎదురుగా నిలబడ్డ మనిషి బతికే ఉన్నాడని ఆ మిషన్‌ని ఒప్పించేసరికి వరసలో అందరూ వెళ్లిపోయేవారు. కొన్ని నెలలైతే ఉత్త చేతులతో ఇంటికొచ్చేవాడు.

తొంభైలు దాటాక ఫ్లెక్సీ వచ్చింది. వారం పట్టే బొమ్మ గంటల్లో మిషన్‌లోంచి బయటికొచ్చేది, గుడ్డ కన్నా చవక, రంగు కన్నా నిగనిగ. ఖార్ఖానాలు ఒక్కొక్కటే మూతపడ్డాయి. తాత ఊరికొచ్చేశాడు. ఎన్నికలప్పుడు గోడల మీద గుర్తులు వేశాడు, పండగలకు ఎద్దుల కొమ్ములకు రంగులేశాడు. మా బడి గోడ మీద ఉన్న తెలంగాణ పటం కూడా ఆయన వేసిందే. హైదరాబాద్‌లో ఏం చేశాడో మా వాడలో చాలామందికి తెలియదు. సినిమా హాల్లో గేటు దగ్గర పనిచేశాడని కొందరు, రంగులు అమ్మాడని కొందరు. ఆయన ఎవరికీ సరిచెప్పలేదు.

ఎనిమిదో మజిలీ పెద్ద రోడ్డు మీద కాదు, లోపలి సందులో. ఇప్పుడక్కడ మొబైల్ రిపేరు దుకాణాలూ, పైన హాస్టలూ ఉన్నాయి. తాత నడక నెమ్మదించింది. ఒక ఇనుప షట్టర్ ముందు ఆగి, "గీడనే" అన్నాడు. అదే క్షణంలో ఫోన్ మొదలైంది.

"ఒకప్పుడు ఈ సందులో సినిమా బ్యానర్లు చేతితో గీసేవారు. ఈ చౌరస్తాలో జనం తలెత్తి చూసిన ఎన్నో ముఖాలు ఇక్కడే ప్రాణం పోసుకున్నాయి. వాటిలో చాలావరకు ఒకే చేయి గీసింది. మెదక్ దగ్గరి హవేలిఘనపూర్ నుంచి వచ్చిన..."

ఊరి పేరు వినగానే ఇద్దరం ఒకరి ముఖం ఒకరం చూసుకున్నాం. ఆ వెంటనే తాత పేరు. ఇంటిపేరుతో సహా, ఒక్క అక్షరం తప్పు లేకుండా.

"కళ్లు గీయడంలో ఆయన్ని మించినవారు లేరని తోటి చిత్రకారులు చెప్పుకునేవారు. రోడ్డుకి ఏ వైపు నిలబడినా హీరో మన వైపే చూస్తున్నట్టుండేది. అంతటి కళాకారుడు ఇప్పుడు మన మధ్య లేరు. ఒక్క నిమిషం ఆగి, ఆయనకు నమస్కరించి, మీ నడక ముగించండి."

నాకు నోట మాట రాలేదు. తాత షట్టర్ వైపే చూస్తున్నాడు. తెర మీద ప్రశ్న వచ్చింది. నా వేలు అప్పటికే 'కాదు' మీదికి వెళ్లింది. తాత నా మణికట్టు పట్టుకున్నాడు.

"మల్లొక్కపాలి ఏయి."

మళ్లీ పెట్టాను. కళ్లు మూసుకుని విన్నాడు. తన పేరు వచ్చినచోట పెదవులు కదిలాయి.

"తాతా, ఇది తప్పు కదా. నువ్వు లేవంటుంది. ఇప్పుడే రాసి పంపుతా, మారుస్తారు."

"ఏం మారుస్తరు?"

"నువ్వున్నావని రాస్తారు."

"లేదు బిడ్డా" అన్నాడు. "ఉన్ననని తెలిస్తే పేరు తీసేస్తరు."

అలా ఎందుకు చేస్తారని అన్నాను. ఆయన వాదించలేదు. నా చేతిలోంచి ఫోన్ తీసుకుని, కొత్త కంటికి దగ్గరగా పెట్టుకుని, రెండు మీటల మీదున్న అక్షరాలూ కూడబలుక్కుని చదివాడు. బొటనవేలు ధోవతికి తుడుచుకుని 'అవును' మీద పెట్టాడు.

ఏ మిషనూ గుర్తుపట్టని ఆ వేలిని ఫోన్ ఒక్కసారికే తీసుకుంది.