సల్లగుంది సార్ (టీకా తాత్పర్య సహితం)

అవతారిక

మూలకర్త పేరు చెప్పను. కాలం సంక్రాంతికి ముందు వారం. స్థలం మేడ్చల్ చెక్‌పోస్టు దగ్గర ఒక రేకుల షెడ్డు. గ్రంథం మొత్తం మూడు ముక్కలు. మూడు ముక్కలకు ఇంత వ్యాఖ్యానమా అని ముఖం చిట్లించేవాళ్ళు ఒక సంగతి గుర్తుంచుకోవాలి. వ్యాఖ్యాతల్లో పెద్దవాడు మల్లినాథసూరి మాకు ఇరుగుపొరుగువాడు. ఆయన ఇంటిపేరు కోలాచలం, మెదక్ జిల్లా కొల్చారమే అదంటారు. కాళిదాసు కావ్యాలు మూడింటికి సంజీవని రాశాడు, మాఘుడికి సర్వంకష, భారవికి ఘంటాపథం రాశాడు. ఘంటాపథమంటే గంటలు కట్టిన ఏనుగులు నడిచే పెద్ద బాట. మా 44వ నంబరు జాతీయ రహదారి మీద ఇప్పుడు ఏనుగులకు బదులు నాగపూర్ లారీలు పోతున్నాయి, గంటలకు బదులు హారన్లు. ఆధారం లేనిది రాయననీ, అక్కర్లేనిది చెప్పననీ మల్లినాథుడు ఒట్టు పెట్టుకున్నాడు. మొదటి ఒట్టు నేనూ పెట్టుకుంటాను. రెండోది ముప్పై ఏళ్ళుగా తెలుగు పాఠం చెప్తున్నవాడి వల్ల అయ్యే పని కాదు.

ఇక సందర్భం. ఇల్లు షామీర్‌పేట, కాలేజీ మేడ్చల్. చలికాలం పొద్దున్నే రాజీవ్ రహదారి ఎక్కేసరికి చెరువు మీది పొగమంచు రోడ్డు మీదికొచ్చి కూర్చుని ఉంటుంది. ఏడో ఎగ్జిట్ దగ్గర ఔటర్ రింగు రోడ్డు ఎక్కి ఆరో ఎగ్జిట్‌లో కండ్లకోయ దగ్గర దిగుతాను. ఆ వారం ముందద్దానికి లోపల ఆవిరి పట్టింది. హీటర్ వేస్తే చల్లగాలి కొట్టింది. టెంపరేచర్ ముల్లు 'సి' అక్షరం మీద తల పెట్టి పడుకుంది. లీటరుకు పదహారు ఇచ్చే బండి పన్నెండుకు దిగింది. మేడ్చల్ బస్టాండు ముందు బస్సుల వెనక పావుగంట ఇరుక్కుంటే ముల్లు మెల్లగా లేచేది, సాయంత్రం ఔటర్ ఎక్కి ఎనభై దాటగానే మళ్ళీ పడుకునేది. నిలబడితే లేచి, పరుగెత్తితే పడుకునే ఈ జబ్బేమిటో చెప్పమని షెడ్డుకు పోయాను. మూలకర్త బానెట్ ఎత్తాడు, రేడియేటర్ మీద అరచెయ్యి ఆనించాడు, సెలవిచ్చాడు.

మూలం

"ఇంజన్ సల్లగుంది సార్. సల్లగుంటే మంచిదే గదా. ఫికర్ చెయ్యకుండ నడుపుర్రి."

ప్రతిపదార్థం

ఇంజన్ = లోపల మంట, చుట్టూ నీళ్ళు ఉన్న ఇనప పొయ్యి; సల్లగుంది = చల్లగా ఉన్నది; సార్ = ఓ పంతులూ; సల్లగుంటే = అలా చల్లగా ఉన్న పక్షంలో; మంచిదే = మేలే (ఇందులో ఏకారం నిశ్చయార్థకం, ఎదుటివాడి నోరు మూయించేది); గదా = ఒప్పుకో అని భుజం తట్టడం; ఫికర్ = ఉర్దూ నుంచి వచ్చి మా ఊళ్ళో స్థిరపడిపోయిన దిగులు; చెయ్యకుండ = మాని; నడుపుర్రి = నడపండి (గౌరవ బహువచనం; వెనక ఇంకో బండి కాచుకుని ఉన్నదని ధ్వని).

తాత్పర్యం

ఓ పంతులూ! పొగలు కక్కే బండ్లతో వచ్చి మొత్తుకునేవాళ్ళను ఎండాకాలమంతా చూశాను. వేడెక్కడం లేదని మొత్తుకునేవాడివి నువ్వొక్కడివే. లేని రోగానికి మందు లేదు, పో.

అలంకారం అర్థాంతరన్యాసం. ఇంజన్ చల్లగా ఉందన్నది విశేషం, చల్లగా ఉంటే మంచిదన్నది సామాన్యం, సామాన్యంతో విశేషాన్ని సమర్థించాడు. ఇంటర్ పిల్లలకు ఇంతకన్నా చక్కటి ఉదాహరణ దొరకదు. చిక్కల్లా ఒకటే, ఆ సామాన్యం మనుషులకు వర్తించేది, ఇంజన్లకు కాదు.

విశేషాలు

'చల్ల' అన్న మాట దగ్గర కాసేపు ఆగాలి. తెలుగువాడికి చల్లదనం మీద అనుమానమే పుట్టదు. దీవించాలంటే చల్లగా ఉండమంటాం. మేలు చేసినవాడి కడుపు చల్లగుండాలంటాం. చల్లని తల్లి, చల్లని చూపు, చల్లని మాట. వేడన్నది జ్వరానికీ, కోపానికీ, ఎన్నికలకూ వదిలేశాం. నేను బండి తీస్తుంటే మా అమ్మ ఇప్పటికీ గేటు పట్టుకుని నిలబడి "సల్లంగ పోయి సల్లంగ రా బిడ్డా" అంటుంది. ఆ దీవెన నాకు తగిలిందో లేదో గానీ బండికి తగిలినట్టుంది. మెకానిక్ కూడా ఆ భాషలోనే పెరిగినవాడు. అరచేతికి చల్లగా తగిలిన వస్తువును రోగిష్టిదనడానికి అతనికి నోరు రాలేదు. నా మటుకు నేను అతన్ని తప్పుపట్టను.

అయితే మన వైద్యానికి ఈ సంగతి తెలుసు. కడుపులో అగ్ని చల్లబడితే దాన్ని దీవెన అనరు, మందాగ్ని అంటారు. అరగని అన్నం ఆమమై ఒళ్ళంతా పాకుతుందంటారు. ఇంజన్‌లో జరిగేదీ అదే. గోడలు చల్లగా ఉంటే పెట్రోలు సరిగా ఆవిరి కాదు. బండిలో ఉన్న కంప్యూటరు ఇంకా తెల్లవారలేదనుకుని, అంటుకోని పొయ్యిలో ఇంకో గుక్కెడు కిరోసిన్ పోసినట్టు, అదనంగా పెట్రోలు పోస్తూనే ఉంటుంది. కాలని పెట్రోలు సిలిండరు గోడల మీది ఆయిల్ పూతను కడిగేసి కింది ఆయిల్లో కలుస్తుంది. రింగులు అరుగుతాయి. పదహారు పన్నెండైంది ఆ అదనపు పెట్రోలు వల్లే.

పాఠాంతరం

షెడ్డులో ఉండగా మా ఆవిడ ఫోన్ చేస్తే స్పీకర్ పెట్టాను. ఆమె విన్న పాఠం వేరు: "ఇంజన్ల సల్లుంది సార్." అంటే ఇంజన్‌లో మజ్జిగ ఉన్నదని. ఇంటికొచ్చాక "మజ్జిగేమిటండీ?" అని అడిగింది. లేఖక ప్రమాదమని కొట్టిపారేశాను. వ్యాఖ్యాతలకు ఉండే తొందర అది.

మర్నాడు ఆదివారం. ఆయిల్ పోసే మూత తిప్పి చూస్తే దాని లోపలి వైపు, దారాల మధ్య, లేత పసుపు కలిసిన తెల్లటి నురగ అతుక్కుని ఉంది. వేలితో తీస్తే జారింది. పక్కనే నిలబడ్డ అమ్మ "ఇదేంది బిడ్డా, సల్ల తీర్గ ఉన్నది" అంది. మా ఆవిడ ఏమీ అనలేదు, నా వంక చూసింది. పాఠాంతరమే సాధువు.

దాని కథ ఇది. లీటరు పెట్రోలు కాలితే దాదాపు లీటరు నీళ్ళు పుడతాయి. ఎక్కువ భాగం ఆవిరిగా సైలెన్సర్ గుండా పోతుంది, కొంచెం రింగుల సందులోంచి కిందికి జారుతుంది. ఇంజన్ వేడిగా ఉంటే అదీ ఎగిరిపోతుంది. చల్లగా ఉంటే అక్కడే నీరై ఆయిల్‌తో కలిసి చిలికినట్టవుతుంది. హెడ్ గాస్కెట్ పోయినా ఇలాంటి నురగే వస్తుంది. కానీ అప్పుడు డబ్బాలో కూలెంట్ తగ్గిపోతూ ఉంటుంది. మా బండిలో అది గీత దిగలేదు కనక ఆ అర్థం ఇక్కడ అన్వయించదు.

పరీక్ష

మా జిల్లా పేరులో మేడ్చల్ ఉంది, కలెక్టరేటు మాత్రం షామీర్‌పేట మండలం అంతాయిపల్లిలో ఉంది. పేరొక చోట, పని ఒక చోట. ముల్లు డాష్‌బోర్డులో పడుకున్నంత మాత్రాన జబ్బు ఇంజన్‌లోనే ఉండాలని లేదు, ముల్లే అబద్ధమాడుతుండొచ్చు. కాబట్టి ముందు సాక్షిని విచారించాలి.

మా తమ్ముడి కొడుకు దగ్గర అగ్గిపెట్టెంత స్కానరుంది. స్టీరింగు కింద సాకెట్‌లో గుచ్చితే ఫోన్‌లో అంకెలు కనబడతాయి. రాత్రంతా ఆగి ఉన్న బండిని స్టార్ట్ చెయ్యకుండా తాళం మాత్రం తిప్పి చూశాను. కూలెంట్ 14 డిగ్రీలు, లోపలికి పీల్చే గాలి 14 డిగ్రీలు. రెండూ ఒకే మాట మీదున్నాయంటే సెన్సర్ నిజాయితీపరుడే. అక్కడ మైనస్ 40 కనబడితే షామీర్‌పేటకు సైబీరియా దిగిందనుకోకూడదు, సెన్సర్ వైరు ఊడిందనుకోవాలి. తర్వాత ఔటర్ మీద చూస్తే 61, మేడ్చల్ బస్టాండు దగ్గర 83. కంప్యూటరు తన దగ్గర ఒక సూత్రం కూడా రాసి పెట్టుకుంది: పీ0128. కూలెంట్ వేడి, రేడియేటర్ దారికి తలుపులాంటి థర్మోస్టాట్ నిలపవలసిన స్థాయికి చేరలేదని దాని అర్థం. ఇంత క్లుప్తంగా ఏ సూత్రకారుడూ రాయలేదు. అయినా ఆ సూత్రం కారణం చెప్పదు, లక్షణం చెప్పి ఊరుకుంటుంది.

రెండో అనుమానం ఫ్యాన్ మీద. ఎప్పుడో ఎవరో రిలే పోయిందని దాన్ని డైరెక్టు చేసి ఉంటే తాళం తిప్పగానే తిరుగుతుంది. ఏసీ ఆపి చూశాను, తిరగలేదు. నిర్దోషి.

మూడోది చేత్తో చేసే పరీక్ష, నాకు అన్నిట్లోకీ ఇష్టమైంది. చల్లటి ఇంజన్ స్టార్ట్ చేసి రేడియేటరుకు పోయే పై పైపు పట్టుకోవాలి. ఆరోగ్యంగా ఉన్న బండిలో ఆ పైపు చాలాసేపు చల్లగానే ఉంటుంది. లోపలి నీళ్ళు లోపలే తిరిగి కాగుతుంటాయి. థర్మోస్టాట్ తెరుచుకున్న క్షణాన వేడి ఒక్కసారిగా తోసుకొస్తుంది, చెయ్యి తియ్యాల్సిందే. మా బండిలో రెండో నిమిషానికే పైపు గోరువెచ్చబడింది, ఆ తర్వాత పిల్లల స్నానం నీళ్ళలా అలాగే ఉండిపోయింది. అంటే తలుపు తెరిచే ఉంది. పట్టుకోవలసింది పైపునే సుమా. వేడి మీద రేడియేటర్ మూత తిప్పితే టీకా రాయడానికి చేతులు మిగలవు.

లోపం

సోమవారం మళ్ళీ షెడ్డు. మూలకర్త పది నంబరు పానాతో థర్మోస్టాట్ మూతకున్న రెండు బోల్టులు విప్పాడు. ఆకుపచ్చటి కూలెంట్ కింద పెట్టిన బకెట్లోకి కారింది. మూత లేపి టార్చి కొట్టి లోపలికి చూసి, నా వంక చూసి నవ్వాడు. తలుపు తెరిచి ఉండటం కాదు, అక్కడ తలుపే లేదు.

ఉండవలసింది కనిపించకుండా పోవడమే లోపమని పాణిని నిర్వచనం. క్లాసులో ఎన్నిసార్లు చెప్పానో లెక్కలేదు, కంటితో చూసింది మాత్రం ఆ రోజే. రెండేళ్ళ కింద మే నెలలో ఇంకోచోట బండి వేడెక్కితే బాగుచేయించాను. ఆ చేతుల్లోనే ఇది లోపించి ఉంటుంది.

ఇక్కడ పూర్వపక్షం: "మన ఎండలకు అదెందుకు సార్, సలిదేశాలకు గావాలె గని. శానమంది తీసేస్తరు." దీన్ని తేలిగ్గా తీసెయ్యకూడదు, ఈ దారిలో సగం షెడ్లది ఇదే మతం. దీనికి సమాధానం. సిలిండరులో మంట లేచిన క్షణం అక్కడ 2000 డిగ్రీలు దాటుతుంది. దానికి పద్నాలుగు డిగ్రీల పొద్దున్నా, నలభై డిగ్రీల మధ్యాహ్నమూ పెద్ద తేడా లేదు, రెండూ చల్లగాలే. ఔటర్ మీద ఎనభైలో పోతుంటే ఆ గాలి రేడియేటర్‌ను ఉతికేస్తుంది. థర్మోస్టాట్ పని ఎండతో కాదు, ఇంజన్ తన వేడిని తాను నిలబెట్టుకోవడంతో. పైగా కొన్ని ఇంజన్లలో థర్మోస్టాట్ తెరుచుకుంటూ అడ్డదారిని కూడా మూస్తుంది. అలాంటి బండిలో దాన్ని పీకేస్తే నీళ్ళు రేడియేటర్ దాకా పోకుండానే అడ్డదారిన తిరిగొస్తాయి, ఎండాకాలంలో బండి మరింత వేడెక్కుతుంది. చల్లదనం కోసం చేసిన పని పొగలు కక్కిస్తుంది.

ఆగమం

ఆగమం మిత్రుడిలా వచ్చి పక్కన చేరుతుంది, ఆదేశం శత్రువులా వచ్చి ఉన్నదాన్ని తోసేస్తుందని వ్యాకరణం చెప్పే పంతుళ్ళందరం చెప్తాం. స్పేర్ పార్టుల దుకాణంలో కుర్రాడు ముందు 76 అని చెక్కినది చేతికిచ్చి "ఇదైతే ఇంక సల్లగుంటది సార్" అన్నాడు. అది ఆదేశం. వద్దని, కంపెనీ చెప్పిన 82 అడిగి తీసుకున్నాను. ఆరు వందల యాభై.

అరచేతిలో ఇమిడే ఇత్తడి వస్తువు. నడుమ చిన్న గిన్నె, గిన్నెలో మైనం, చుట్టూ స్ప్రింగు. మైనం కరిగితే ఉబ్బుతుంది, ఉబ్బి ఒక పుల్లను నెడుతుంది, పుల్ల తలుపు తెరుస్తుంది. చల్లబడితే స్ప్రింగు మూసేస్తుంది. 1930లలో సెర్జియస్ వెర్నెట్ అనే ఆయన అమెరికాలో దీన్ని రూపొందించాడు. కరెంటు లేదు, కంప్యూటరు లేదు. ఇప్పటికీ చాలా బండ్లలో ఉండేది ఈ మైనమే.

బిగించే ముందు పరీక్షించాలనిపించింది. తలుపు సందులో కుట్టుదారం ఇరికించి, గరిటెకు కట్టి, గిన్నెలో నీళ్ళలోకి వేలాడదీశాను. కాలేజీ కెమిస్ట్రీ ల్యాబు థర్మామీటరు పక్కన పెట్టి స్టవ్ వెలిగించాను. అరవై. డెబ్బై. గిన్నె అడుగున ఆవగింజల్లాంటి బుడగలు. ఇత్తడి కదలలేదు. ఎనభై. అమ్మ, మా ఆవిడ, నేను, ముగ్గురం గిన్నెలోకి వంగి చూస్తున్నాం. 83 దగ్గర దారాన్ని పట్టుకున్న పెదవులు విడిపోయాయి. టప్పున అడుగున పడింది.

"తెరుచుకుంది!" అన్నాను.

"అది పాలగిన్నెండీ," అంది మా ఆవిడ.

బుధవారం థర్మోస్టాట్ బిగిసింది, మజ్జిగ కలిసిన ఆయిల్ మారింది. గురువారం పొద్దున షామీర్‌పేట చెరువు దాటేసరికి ముల్లు కదిలింది, ఔటర్ ఎక్కేసరికి నడిమికి వచ్చింది, కండ్లకోయ దాకా అక్కడి నుంచి జరగలేదు. హీటర్ వేస్తే అద్దం అంచుల నుంచి ఆవిరి విడిపోతూ వచ్చింది. పోతూ పోతూ షెడ్డు దగ్గర ఆపాను. మూలకర్త బానెట్ ఎత్తి మామూలుగానే అరచెయ్యి ఆనించబోయి, చురుక్కుమని వెనక్కి తీసుకున్నాడు.

"జర గరమైతుంది సార్. ఎండకాలం దాక ఉంచి తీసేద్దమా?"

ఇది ద్వితీయ శ్లోకం. దీనికి వ్యాఖ్య ఉగాది దాటాక.