840తో మొదలయ్యే సంఖ్య గల ఒక చెవిపోగు కథ

అమెరికాలోని ఒహాయో రాష్ట్రంలో, ప్రదర్శన కోసం పెంచే ఒక పందిపిల్ల చెవికెక్కిన నాటి నుంచి ఈ చెవిపోగు తన కథను లెక్కించుకుంటుంది. దీనికి పేరు లేదు, 15 అంకెల సంఖ్య మాత్రం ఉంది. అందులో మొదటి మూడంకెలైన 840 ఆ దేశానికి గుర్తు, తక్కినవి ఆ ఒక్క పందికే చెందినవి. తెలుగు పల్లెల్లో గేదెల చెవులకు కనిపించే 12 అంకెల పసుపు పోగుకు ఇది దూరపు చుట్టం. రోగాన్ని అడ్డగించే శక్తి దీనికి లేదు. రోగం బయటపడ్డాక ఆ పంది ఏ దొడ్డిలో పెరిగిందో, ఎవరి పందుల సరసన నిలిచిందో రికార్డుల్లో వెనక్కి వెతకడానికి, అంటే జాడ తీయడానికి, ఆధారం కావడమే దీని పుట్టుకకు అర్థం.

ఆ అర్థం దీనికి కౌంటీ ఫెయిర్‌లో, అంటే జిల్లా స్థాయి వ్యవసాయ ప్రదర్శనలో, బోధపడింది. ఎన్నో దొడ్ల పందులు అక్కడ ఒకే కప్పు కింద చేరి, కంచె సందుల్లోంచి ముట్టెలు తాకించుకుంటూ, ఒకే బరిలో నడుస్తాయి. ఫ్లూ సోకిన పంది మేత మానకుండా, పైకి ఆరోగ్యంగా కనిపిస్తూనే వైరస్‌ను వెదజల్లగలదు. 2012లో హెచ్3ఎన్2వి అనే పంది ఫ్లూ రకం అమెరికాలో 309 మందికి సోకింది. పేరు చివరి 'వి', పందుల వైరస్ మనిషిలో కనిపించినప్పుడు చేర్చే అక్షరం. బాధితుల్లో అత్యధికులు ఫెయిర్లలో పందుల దగ్గర మసలినవారు, వారిలో పిల్లలే ఎక్కువ. తొలిరోజు అంటుకున్న వైరస్ పంది నుంచి పందికి పాకి బలపడేలోగా గుంపును విడదీయాలన్న ఉద్దేశంతోనే, 72 గంటలకు మించి పందులను ప్రదర్శనలో ఉంచవద్దని నిపుణులు సూచిస్తారు. చేతికంటినది నోటికి చేరకుండా పాకలో తినడం, తాగడం వద్దంటారు.

ఈ పోగు ధరించిన పందిది తుది ప్రదర్శన, అంటే అక్కడి నుంచి పందులన్నీ ఇంటికి కాక నేరుగా కబేళాకు వెళ్లే పద్ధతి. అంతకుముందు మరో ప్రదర్శనలో దాని పక్కన నిలిచిన పంది మాత్రం ఇంటికి తిరిగి వెళ్లింది కాబట్టి, దాని యజమానికి అసలు పని అప్పుడే మొదలైంది. 2013లో అమెరికాలో తొలిసారి బయటపడిన పీఈడీ, అంటే పాలుతాగే పందిపిల్లలను విరేచనాలతో చంపే పేగువ్యాధి, ప్రధానంగా పెంట ద్వారా వ్యాపిస్తుంది గనుక లారీ నేల, బూట్లు, పారలు అన్నీ అనుమానించదగినవే. పెంట మీద చల్లిన క్రిమిసంహారక మందు దానిలోనే చచ్చుబడుతుంది కాబట్టి ముందు గీకి, సబ్బునీటితో కడిగి, ఆపైనే మందు చల్లి ఆరనివ్వాలి. తిరిగొచ్చిన పందిని 30 రోజులపాటు విడిగా కట్టడిచేసి, మిగతా పందుల పని ముగిశాకే దానికి మేత వేయాలి.

చెవికెక్కిన పోగును మరో పందికి మార్చరాదు గనుక, పంది ఆయుష్షే దీని ఆయుష్షు. అయినా సంఖ్య కాగితాల్లో మిగులుతుంది. ఆ పక్క పంది దొడ్డిలో రేపు పందిపిల్లలు జబ్బుపడితే, పశువైద్యుడు వెతికే సంఖ్యల్లో ఇదీ ఒకటి.