సూపర్ బిల్టప్ ఎకరం

మావాడు హైదరాబాదు శివార్లలో ఫ్లాటు కొన్నాడు. 1,200 ఎస్సెఫ్టీ. గృహప్రవేశానికి కుసుమంచి నుంచి రెండు కార్లలో 12 మందిమి బయల్దేరాం. దారిలో నేనే లెక్క కట్టాను: మనిషికి 100 చదరపు అడుగులు. మా ఇంట్లో ఈతచాప ఆరడుగుల పొడవు, మూడడుగుల వెడల్పు, అంటే 18 అడుగులు. తలా ఐదు చాపలు పరుచుకుని పొర్లుదండాలు పెట్టినా ఇంకా చోటు మిగలాలి. ఆ ధీమాతో దుప్పట్లు కూడా ఎక్కువే మూటగట్టుకుపోయాం.

రాత్రి పది దాటాక చూస్తే ఇద్దరు కార్లో పడుకున్నారు. ఒకాయన కాళ్ళు వంటగదిలో, తల నడవలో ఉన్నాయి. మా బావగారు బాల్కనీలో వాషింగ్ మెషీన్ పక్కన నిలబడి, నిద్ర రావడం లేదని అందరికీ చెబుతున్నారు. నిద్ర వస్తే ఎక్కడ పడుకుంటారో మాత్రం చెప్పలేదు.

మాతోపాటు మా ఊరి తాపీ మేస్త్రీ కూడా వచ్చాడు. జేబులో టేపు లేకపోతే ఆయనకు చొక్కా తొడుక్కున్నట్టే ఉండదు. పడుకునే చోటు కోసం రెండుసార్లు ఇల్లంతా తిరిగి, మూడోసారి టేపు తీశాడు. నేను తిరుపతి క్యాలెండరు వెనక్కి తిప్పి రాసుకున్నాను. హాలు, డైనింగు కలిపి 22 బై 11, అంటే 242. పెద్ద పడకగది 13 బై 11, 143. రెండోది 11 బై 10, 110. వంటగది 9 బై 8, 72. బాత్రూములు రెండూ ఏడడుగుల పొడవు, నాలుగున్నర వెడల్పు, కలిపి 63. నడవ 28.

ఇంకో అరగది ఉంది. మావాడు కొన్నది ‘రెండున్నర బెడ్‌రూముల’ ఫ్లాటు. అర బెడ్‌రూము అంటే మంచమన్నా పట్టాలి, తలుపన్నా తెరుచుకోవాలి. రెండూ కావాలంటే మూడు బెడ్‌రూములది కొనుక్కోవాలి. అది 9 బై 7, 63. అన్నీ కూడితే 721. మధ్య గోడల కింద పోయిన చోటు 36 అడుగులని మేస్త్రీ లెక్కతేల్చాడు. వెరసి 757. బాల్కనీ, గిన్నెలు తోముకునే యుటిలిటీ కలిపి ఇంకో 76.

“మిగతా ఇల్లేది సారూ?” అన్నాడు.

తీసివేశాను. 367 అడుగులు కనిపించడం లేదు. బయటి గోడలకు కొంత పోయిందనుకున్నా ఆ పెద్ద పడకగది అంతవి రెండు గదులు ఎక్కడో జారిపోయినట్టే. మేస్త్రీ తలుపుల వెనక్కి కూడా తొంగి చూశాడు.

పొద్దున్నే కింద సైటాఫీసుకు పోయి, మెడలో కార్డు వేసుకున్న కుర్రాణ్ణి అడిగాం. వాడేం కంగారుపడలేదు. “అంకుల్, మీరు పైకి లిఫ్టులో ఎక్కలేదా? కారిడార్లో నడవలేదా? మెట్లు, వాచ్‌మన్ గది, జనరేటర్ రూము, రేపు కట్టబోయే క్లబ్‌హౌసు… అందులో మీ వాటాలన్నీ కలిపి 1,200. దాన్నే సూపర్ బిల్టప్ ఏరియా అంటారు.” మేస్త్రీ శ్రద్ధగా విని, “అయితే లిఫ్టులో మావోడి ముక్క ఏదో గుర్తుపెట్టిర్రా? ఒకటిద్దరు చుట్టాలకు ఆడ చాప పరుస్తం” అన్నాడు.

మరి కార్పెట్ ఏరియా ఎంతో బ్రోచరులో ఎందుకు వేయలేదని అడిగాను. “అది రెరా వాళ్ళ కాయితాల్లో ఉంటుంది అంకుల్. ఇది కస్టమర్ల కోసం” అన్నాడు. ఇంత నిజాయితీగా మాట్లాడే మనిషి ఆ భవనం మొత్తానికి వాడొక్కడే అయ్యుంటాడు. ఆ కంపెనీ పేరు రాయను. రాస్తే మిగతా కంపెనీలు తమను వదిలేశానని చిన్నబుచ్చుకుంటాయి.

తిరిగొచ్చాక రచ్చబండ దగ్గర ఈ సంగతి చెబితే, మా పెద్దనాన్న అడిగిన ప్రశ్న ఒక్కటే: “గుంట కూడా లేదా?” వ్యవసాయదారుడి లెక్క అది. గుంటంటే 33 అడుగుల పొడవు, 33 అడుగుల వెడల్పు. 1,089 చదరపు అడుగులు, అంటే 121 గజాలు. అలాంటివి 40 అయితే ఎకరం. కాగితం మీద మావాడి ఫ్లాటు గుంటకు మించి ఉంది. కాలు పెడితే ముప్పాతిక గుంటకు కూడా రావడం లేదు. మా దగ్గర గట్టు జానెడు జరిగితే పంచాయితీ, మూరెడు జరిగితే పోలీసు స్టేషను. ఇక్కడ మూడో వంతు జరిగింది, అయినా మావాడు వాళ్ళకు స్వీట్ బాక్సు ఇచ్చి వచ్చాడు.

ఆ కుర్రాడు చెప్పిన పద్ధతి మాకు ముందే తెలిసుంటే కుసుమంచి మండలం ఎప్పుడో బాగుపడేది. మా పెద్దనాన్నకు ఎకరం ఉంది. దానికి వెళ్ళే బండ్లబాటలో ఆయన వాటా కలపాలి. ఎండాకాలం గొడ్లు నీళ్ళు తాగే కుంటలో వాటా కలపాలి. పొలానికి నీళ్ళిచ్చే కాలువ కట్ట, ఆ నీళ్ళొచ్చే పాలేరు జలాశయం, పొద్దువాలితే కూర్చునే వేపచెట్టు నీడ, అన్నీ కలిపితే ఎకరం ముప్పై గుంటలు తేలికగా తేలుతుంది. దాని పేరు సూపర్ బిల్టప్ ఎకరం. కొనేవాడు వచ్చి గొలుసు పట్టి కొలిచి “ఎకరమే ఉందేంది?” అంటే, “నువ్వు బాటెంట నడిచి రాలేదా అంకుల్?” అనొచ్చు. పాస్‌పుస్తకంలో అలా ఎక్కించమని పెద్దనాన్నను తహసీల్దారు దగ్గరికి పంపుదామనుకున్నాం. ఆయన ససేమిరా అన్నాడు. లేని భూమిని అమ్మితే పాపమట. పాతకాలం మనిషి.

మా ఊళ్ళో గణపేశ్వరాలయం ఉంది. కాకతీయుల కాలం నాటి రాతి గుడి. గర్భగుడిలో శివలింగం, చుట్టూ నలుగురు నిలబడే చోటు. ఆ కాలపు శిల్పులకు మార్కెటింగ్ తెలియదు గానీ, తెలిస్తే శివుడికి మండపం, నంది ముందరి చోటు, ప్రదక్షిణ దారి కలిపి సేలబుల్ ఏరియా చెప్పి, అభిషేకానికి చెంబుల లెక్కన మెయింటెనెన్స్ వసూలు చేసేవాళ్ళు.

కొలత తెలియక వచ్చిన చిక్కు కాదిది. కార్పెట్ ఏరియా అంటే ఏమిటో 2016లో పార్లమెంటు చేసిన రియల్ ఎస్టేట్ చట్టంలో, అదే రెరాలో, స్పష్టంగా ఉంది. ఫ్లాటులో నికరంగా వాడుకోగలిగిన నేల అది. బయటి గోడల మందం అందులోకి రాదు. పైపులు దిగే షాఫ్టులు రావు. మనకే ప్రత్యేకంగా ఇచ్చిన బాల్కనీ, వరండా, డాబా రావు. లోపలి అడ్డుగోడలు మాత్రం వస్తాయి. గోడ లోపల ఎలా కాపురముండాలో చట్టం చెప్పలేదు; మేకు కొట్టి క్యాలెండరు తగిలిస్తాం కాబట్టి వాడుకున్నట్టే అనుకోవాలి. ఆ క్యాలెండరు వెనకే ఈ లెక్క రాశాను కనుక నాకు అభ్యంతరం లేదు. ప్రాజెక్టును రిజిస్టరు చేసేటప్పుడు ఏ రకం ఫ్లాట్లు ఎన్ని, ఒక్కొక్కదాని కార్పెట్ ఏరియా ఎంత, బాల్కనీ ఎంత అన్నది బిల్డరు రాసివ్వాల్సిందే. తెలంగాణలో దీనికి నియమాలు 2017లోనే వచ్చాయి.

కార్పెట్టంటే తివాచీ. వరంగల్ తివాచీలకు 2018లో భౌగోళిక గుర్తింపు కూడా వచ్చింది గానీ, మా ఇళ్ళల్లో పరిచేది చాపే కాబట్టి దీన్ని ‘చాప ఏరియా’ అని పిలిస్తే జనానికి త్వరగా ఎక్కేది. పెళ్ళికి మా ఇంట్లో ఎన్ని చాపలు పడతాయో మా అమ్మ టేపు లేకుండా చెప్పేది. ఆమె లెక్కలో పక్కింటి అరుగు ఎప్పుడూ కలవలేదు.

చట్టం ఉంది కదా, మరి ఇబ్బందేమిటి? చట్టం వచ్చాక ఒకే ఇంటికి రెండు కొలతలు నిలదొక్కుకున్నాయి: వాడుకోవడానికి ఒకటి, అమ్ముకోవడానికి ఇంకొకటి. మొదటిది దరఖాస్తులో ఉంటుంది, రెండోది హోర్డింగు మీద. పూలమ్మే మనిషి మూర కూడా పొట్టిదే, కాదనను. కాకపోతే ఆమె మన కళ్ళముందే సొంత మోచేత్తో కొలుస్తుంది. తన మోచేతికి భుజాన్ని, పక్క దుకాణందారు భుజాన్ని కలిపి మూరన్నర అనదు.

చదరపు అడుగు 4,500 లెక్కన మావాడు కట్టింది 54 లక్షలు. కాలికి తగిలే 757 అడుగులకే పంచితే అడుగు 7,133 రూపాయలు పడింది. కనిపించని 367 అడుగుల ఖరీదే 16,51,500. దాని మీద స్టాంపు డ్యూటీ, బదిలీ సుంకం, రిజిస్ట్రేషన్ ఫీజు కలిపి ఏడున్నర శాతం చొప్పున 1,23,862 రూపాయల 50 పైసలు. ఆ 50 పైసలు లిఫ్టు తలుపు సందుకనుకుంటాను. ఇక్కడితో అయిపోలేదు. మెయింటెనెన్స్ అడుగుకు మూడు రూపాయలు, అదీ 1,200 మీదే. అంటే తన ఇంట్లో లేని గదులను ఊడ్పించడానికి మావాడు నెలకు 1,101 రూపాయలు కడతాడు.

బిల్డర్లు చెప్పే మాట ఒకటుంది. కార్పెట్ లెక్కన అమ్మమంటే అడుగు 7,133 అని బోర్డు పెడతాం, 54 లక్షలు 54 లక్షలే, మీకు ఒరిగేదేమిటి అంటారు. నిజమే, అందులో అబద్ధం లేదు. మెట్లు ఊరికే లేవవు, లిఫ్టు దానధర్మం కాదు. కాకపోతే ఎదురుగా ఉన్న అపార్టుమెంటులో 1,150 అని చెప్పి 805 ఇస్తున్నాడని అప్పుడు మావాడికి తెలిసేది. చిన్న ఫ్లాటని తీసిపారేసినది నిజానికి పెద్ద ఫ్లాటు. ఒకడు నూటికి 63 ఇస్తూ, ఒకడు 70 ఇస్తూ, ఇద్దరూ ‘ఎస్సెఫ్టీ’ అనే ఒకే మాట వాడుతుంటే బేరం ఆడేది దేని మీద? పైగా ఆ చట్టమే ఉమ్మడి స్థలాల మీద హక్కును కొన్నవాళ్ళ సంఘానికి రాసివ్వాలంటోంది. సంఘానికి ఇవ్వాల్సిన మెట్లను ముందే మనిషికింత చొప్పున అడుగుల్లో అమ్మేసుకోవడం ఒక కళ. కారు పెట్టుకునే స్టిల్టు చోటు ఉమ్మడిదే, దాన్ని విడిగా అమ్ముకునే హక్కు బిల్డరుకు లేదని ముంబయి కేసొకదానిలో సుప్రీంకోర్టు 2010లోనే చెప్పింది. మావాడి రసీదుల్లో ‘కార్ పార్కింగ్’ అని విడిగా ఒకటుంది. ఎంతకో అడగకండి, వాళ్ళమ్మకు ఇంకా తెలియదు.

ఇక 500 చదరపు మీటర్లకు, అంటే దాదాపు 598 గజాలకు మించని స్థలంలో కట్టినా, ఎనిమిది ఫ్లాట్లకు మించకపోయినా రెరాలో రిజిస్ట్రేషనే అక్కర్లేదు. చిన్న పట్టణాల్లో 300 గజాల్లో అంతస్తుకో ఫ్లాటు చొప్పున లేచేవి చాలా వరకు ఆ బాపతే. అక్కడ కార్పెట్ ఏరియా అడిగితే మంచి తివాచీల దుకాణం ఎక్కడుందో చెబుతారు.

మేస్త్రీకి టేపు మీద అంత పట్టింపు ఎందుకో చెప్పలేదు కదూ. ఆయన ఇప్పుడు మా ఊళ్ళో ఇందిరమ్మ ఇళ్ళు కడుతున్నాడు. 2024 మార్చి 11న భద్రాచలంలో ముఖ్యమంత్రి ప్రారంభించిన పథకం. సొంత జాగా ఉన్నవాళ్ళకు నాలుగు విడతల్లో ఐదు లక్షలు. ఇల్లు 400 చదరపు అడుగులకు తగ్గకూడదు, 600 దాటకూడదు. దాటితే బిల్లు ఆగుతుంది. అందుకని ముగ్గు పోసిన రోజు కొలత, బేస్‌మెంటు లేచాక కొలత, స్లాబు పడ్డాక ఫోటో. మా వీధిలో ఒకావిడ ముందు భాగంలో చిన్న అరుగు వేయించుకుందామనుకుంది. సాయంత్రం నలుగురితో కూర్చోవడానికి, చింతపండు ఎండబెట్టుకోవడానికి. అరుగు 600లోకి వస్తుందో రాదో అని వారం రోజులు నిద్రపోలేదు. మేస్త్రీ మూలమట్టం పెట్టి, టేపు రెండుసార్లు లాగి, మూడోసారి ఆమెతోనే చదివించి, చివరికి వంటింటి గోడను అరడుగు లోపలికి జరిపాడు. అరడుగు! అలాంటి మనిషి 367 అడుగులు మాయమైన ఇంట్లో పడుకోగలడా?

ప్రభుత్వం ఉత్త పుణ్యానికి ఇచ్చే ఇంట్లో అంగుళం ఎక్కువ ఉంటే కనిపెట్టగలిగిన టేపు, 54 లక్షలు పోసి కొనే ఇంట్లో రెండు గదులు తక్కువైతే కనిపెట్టలేకపోతోంది. బీదవాడి ఇల్లు పెరగకుండా చూస్తున్నాం, అప్పు చేసినవాడి ఇల్లు తరగకుండా చూసేవాడు లేడు. టేపు మాత్రం రెండుచోట్లా ఒకటే. ఖమ్మంలో హార్డ్‌వేర్ షాపులో కొన్నది.

గృహనిర్మాణ శాఖ మంత్రి పొంగులేటి శ్రీనివాసరెడ్డి గారు 2023 ఎన్నికల్లో మా పాలేరు నుంచే గెలిచారు. కుసుమంచి ఆయన నియోజకవర్గంలోదే. అందుకే ఊరివాళ్ళుగా ఒక మనవి. మంత్రిగారూ, మా ఊళ్ళో ఇళ్ళు కొలుస్తున్న ఇంజనీరు గారిని రెండు రోజులు హైదరాబాదు శివార్లకు పంపండి. కొత్త ఫ్లాటు తాళాలు ఇచ్చే రోజున టేపు పట్టించి, వచ్చిన అంకెను గుమ్మం పక్కన రంగుతో రాయించండి. రానుపోను చార్జీలు మేమే పెట్టుకుంటాం. టేపు రెండో కొస మా మేస్త్రీ పట్టుకుంటానంటున్నాడు.