మా ఇంటి ఆవిరి పరిశ్రమ

పటాన్‌చెరు పారిశ్రామికవాడ పక్కన కాపురముంటే ఒక సుఖముంది. ఏ కీడు జరిగినా నిందితుడి కోసం వెతకక్కర్లేదు. బోరునీళ్లు రంగు మారినా, బీరపాదు మాడినా, పిల్లాడికి లెక్కల్లో మార్కులు తగ్గినా వేలు ఫ్యాక్టరీ గొట్టం వైపే లేస్తుంది. కొన్నిటికి అది న్యాయమే. ఫ్యాక్టరీల మురుగు మోసిన నక్కవాగు సంగతి తెలిసినవాళ్లెవరూ కాదనరు. డిసెంబరు పొద్దున పడకగది అద్దాల మీద ధారలు కట్టిన నీళ్లను కూడా అమ్మ ఆ ఖాతాలోనే రాసేసింది. "రాత్రంతా ఏందో ఇడుస్తున్నరు బిడ్డా. సూడు, అద్దం ఏడువబట్టె!"

మా గల్లీలో బాయిలర్ దగ్గర పనిచేసి రిటైరైన పెద్దాయన ఉన్నాడు. వచ్చి, అద్దాన్ని వేలితో గీకి, "తడి లోపలి దిక్కున్నది వదినె. దొంగ ఇంట్లనే ఉన్నడు" అని తేల్చాడు.

లెక్కా చెప్పాడు. 25 డిగ్రీల గాలి ఘనపు మీటరుకు దాదాపు 23 గ్రాముల ఆవిరిని మోయగలదు. 10 డిగ్రీలకు దిగితే 9 గ్రాములకే ఆయాసపడుతుంది. మిగతాది ఎక్కడో దించాలి కదా! ఇంట్లో అన్నిటికంటే ముందు చల్లబడేవి ఒంటిపొర అద్దం, దాని అల్యూమినియం చట్రం. పైగా చలికాలం పేపర్లలో పటాన్‌చెరు ఉష్ణోగ్రత హైదరాబాద్ కంటే కింద ఉండటం మామూలే.

ఇక మా యూనిట్ల తనిఖీ. ఒకటో యూనిట్ వంటిల్లు. వంటగ్యాసు కిలో కాలితే కిలోన్నర నీళ్లు ఆవిరిగా పుడతాయి. అంటే 14.2 కిలోల సిలిండరుకు 20 లీటర్ల పైమాటే. నల్లా ఎప్పుడొస్తుందా అని బిందెలతో కాచుకునే మేము, పొయ్యి మీద గుట్టుగా నీళ్లు తయారుచేస్తున్నామన్నమాట! రెండోది, తలుపు బార్లా తీసి చేసే వేడినీళ్ల స్నానాలు. మూడోది, కుర్చీల మీద ఆరే తడిబట్టలు. నాలుగోది, రాత్రంతా మేం వదిలే ఊపిరి. ఒక్కదానికీ పొల్యూషన్ బోర్డు అనుమతి లేదు.

మందు ఒకటే, కిటికీ తెరవడం. శాస్త్రానికీ ముక్కుకీ పేచీ అక్కడే వచ్చింది. రాత్రిపూట తేలివచ్చే ఘాటు వాసనకు జడిసే కదా మేం రెక్కలు బిగించేది! తెరిస్తే వాళ్ల సరుకు లోపలికొస్తుంది, మూస్తే మా సరుకు బయటికి పోదు.

అమ్మ టైంటేబుల్ వేసింది. వాసన లేని పగటిపూట ఎదురెదురు కిటికీలు తెరవాలి. గిన్నెల మీద మూతలుండాలి. వంట ముగిశాక కూడా ఎగ్జాస్ట్ ఫ్యాన్ కాసేపు తిరగాలి. స్నానం చేసేటప్పుడు తలుపు మూయాలి. బట్టలు డాబా మీదే ఆరాలి. పొద్దున్నే చట్రం గాడిలో నిలిచిన నీళ్లను పాత బనియన్‌తో ఒత్తాలి, లేకుంటే పక్కగోడకు నల్లబూజు పడుతుంది. బనియన్ శాఖ నాకు దక్కింది.

వానాకాలం ఏసీ వేసిన రాత్రి తడి అద్దానికి బయటివైపు పట్టింది. అమ్మ కళ్లు మెరిశాయి. "ఇగో, గీసారి బయటిదే! ఇది వాళ్లదే!"

పెద్దాయన అద్దం ముట్టుకుని చూశాడు. "ఇది గూడ మీదే వదినె. మీ ఏసీకి అద్దం సల్లబడ్డది, బయటి ఉక్క వచ్చి దానికి అంటుకున్నది."

అమ్మ కొంగు ముక్కుకు అడ్డం పెట్టుకుని అడిగింది: "మరి ఈ వాసన? గిది గూడ మాదే అంటవా ఏంది?"