నన్ను విప్పి పెట్టెల్లో సర్దారు

నార్వేలోని వాంగ్ అనే కొండఊళ్లో కొయ్య గుడిగా నేను పుట్టి 800 ఏళ్లు దాటింది. పైన్ దుంగల్ని నేలలో పాతకుండా దూలాల మీద నిలబెట్టి, ఇనుప మేకు లేకుండా గాడిలో గాడి దిగేసి నన్ను కట్టారు. నేలలో పాతిన గుడుల అడుగు కుళ్లిపోయింది. నేను నిలిచాను. నా వడ్రంగుల పేర్లు ఎవరూ రాసిపెట్టలేదు గానీ, వాళ్ల పనితనం నా ద్వారం మీద ఇప్పటికీ ఉంది. తీగల మధ్య మెలికలు తిరిగిన డ్రాగన్లలో ఏ తల ఏ ఒంటిదో తేల్చుకోవాలంటే కాసేపు నిలబడి చూడాల్సిందే. 1537లో నార్వే లూథరన్ దేశమైంది, నేనూ లూథరన్ గుడినయ్యాను.

జనం పెరిగారు, నేను పెరగలేకపోయాను. కొత్త గుడి కట్టుకుని నన్ను వదిలించుకోవాలని ఊరు తీర్మానించింది. గుడి చాలకపోవడం నిజమే, కాదనను. కానీ బాప్తిస్మాలు, పెళ్లిళ్లు, శవపేటికలు అన్నీ చూసిన కొయ్యని నేను. నా కప్పు కింద బాప్తిస్మం పొందినవాళ్లే నా కలపకు ధర కట్టారు. ఆ బాధ ఈనాటికీ తీరలేదు.

యోహాన్ క్రిస్టియన్ డాల్ అనే చిత్రకారుడు నాకోసం చాలా తిరిగాడు. నార్వేవాడే, డ్రెస్డెన్‌లో ప్రొఫెసరు. నాలాంటి కొయ్య గుడుల మీద 1837లో పుస్తకమే వేశాడు. సొంత దేశంలోనే నన్ను నిలబెట్టాలని ఆయన ఆశ. అక్కడ ఎవరూ ముందుకు రాలేదు. చివరికి ఆయన మాట మీద ప్రష్యా రాజు నాలుగవ ఫ్రెడరిక్ విలియం నన్ను కొన్నాడు.

1841లో నన్ను విప్పారు. కుళ్లిన దుంగల్ని అక్కడే వదిలేసి, మిగిలినవాటిని ఓడలో జర్మనీకి పంపారు. నా పక్కన నిలిచిన పాత శాసనపు రాయి మాత్రం వాంగ్‌లోనే ఉండిపోయింది. నేను బెర్లిన్ మ్యూజియం చేరి పెట్టెల్లో పడి ఉన్నాను. నెమళ్ల దీవి అనే తన తోటలో నిలబెడదామని మొదట రాజు అనుకున్నాడు. తోటలో అలంకారంగా! పాటా ప్రార్థనా లేని గుడి బతుకు ఏం బతుకు?

నన్ను కాపాడింది ఫ్రెడరికా ఫాన్ రేడెన్ అనే కౌంటెస్. సిలీషియా కొండల్లో బ్రూకెన్‌బర్గ్ వాళ్లకు దగ్గర్లో గుడి లేదు, ఇది వాళ్లకివ్వండని ఆమె రాజును ఒప్పించింది. 1842 ఆగస్టు 2న పునాదిరాయి పడింది. 1844 జూలై 28న రాజు సమక్షంలో నన్ను ప్రతిష్ఠించారు. శ్నెష్కా శిఖరం మీంచి వీచే గాలికి అడ్డుగా పక్కనే రాతి గోపురం కట్టారు.

యాత్రికులు నా గోడ తడిమి 800 ఏళ్ల కొయ్య అని మురిసిపోతారు. వాళ్లు తాకేది చాలావరకు 1840లలో వేసిన కొత్త కలప. ద్వారపు చెక్కడాలు, కొన్ని స్తంభాలు, అదే నా పాత ఒళ్లు. వాటిని తడిమి చూడండి.

1945 తర్వాత ఈ నేల పోలండ్‌ది అయింది. ఇక్కడి జర్మన్లను వెళ్లగొట్టారు. రెండోసారి నా సంఘం నాకు దూరమైంది. ఈసారి కదిలింది వాళ్లు, నేను కాదు. ఊరి పేరు కూడా మారి, ఇప్పుడది కర్పాచ్ పట్టణంలో భాగం. అయినా నాలో లూథరన్ ఆరాధన ఆగలేదు, పోలిష్‌లో సాగుతోంది. పెళ్లిళ్లకూ వస్తారు. అందుకే బతికి ఉన్నానంటాను.

ఒకప్పుడు నార్వేలో నాలాంటి గుడులు వెయ్యికి పైగా ఉండేవి. ఇప్పుడు మిగిలినవి 28. వాటిని అక్కడివాళ్లు ప్రాణంగా చూసుకుంటున్నారు. ఆ 28లో నా లెక్క లేదు.